విశాఖ ఉక్కపోతలో సాటిన్: తోడి పెళ్లికూతుళ్ల గౌన్లకు ఒంటికి హాయినిచ్చే గుడ్డ ఎంచుకోవడం ఎలా

సాటిన్ కొనేటప్పుడు చాలామంది ముందు రంగు చూస్తారు, తర్వాత మెరుపు, ఆ తర్వాత ధర. ఒంటికి ఎలా ఉంటుందన్నది పెళ్లిరోజు పొద్దున్న తెలుస్తుంది. షాపులో ఏసీ ఉంటుంది. నున్నటి గుడ్డ చేతికి తగలగానే చల్లగా, హాయిగా అనిపిస్తుంది. ఆ చల్లదనం రెండు నిమిషాలే. విశాఖలో ఎండకన్నా ఉక్కే ఎక్కువ ఇబ్బంది పెడుతుంది. గాలిలోనే తేమ నిండి ఉన్నప్పుడు ఒంటిమీది చెమట త్వరగా ఆరదు. ఆ చెమటను గుడ్డ పీల్చుకుంటుందా, లేక ఒంటికీ గుడ్డకీ మధ్యే నిలబెడుతుందా అన్నది దారాన్ని బట్టి, లోపల వేసే లైనింగ్‌ని బట్టి ఉంటుంది. అందుకని ఈ ఊళ్లో వరస మార్చుకోవాలి: ముందు దారం, తర్వాత లైనింగ్, తర్వాత బరువు, చివర్లో రంగు.

మొదటి అడుగు: ఏ పూట, ఎక్కడ, ఎంతసేపు

షాపుకి బయల్దేరే ముందు ఒక కాగితం మీద మూడు సంగతులు రాసుకోండి. పెళ్లి ఏ నెలలో, ఏ పూట? ఏసీ హాలా, చర్చా, బీచ్ రిసార్టు పచ్చికా? తోడి పెళ్లికూతుళ్లు, అంటే పెళ్లికూతురి పక్కన ఒకేలాంటి గౌన్లలో నిలబడే అమ్మాయిలు, ఆ బట్టల్లో ఎన్ని గంటలు ఉండాలి?

జ్ఞానాపురం చర్చిలో పొద్దున పెళ్లి పూజ, సాయంత్రం ఋషికొండ వైపు రిసెప్షన్ అనుకోండి. అవే గౌన్లలో పది పన్నెండు గంటలు గడపాలి, మధ్యలో కారు ప్రయాణం, ఫొటోలు, భోజనం. ఆ లెక్క వేరు. డిసెంబరు రాత్రి ఏసీ హాల్లో మూడు గంటల సంగీత్ లెక్క వేరు. రెండోదానికి మామూలు పాలిస్టర్ సాటిన్ సరిపోతుంది, అనవసరంగా డబ్బు పోయొద్దు. మొదటిదానికి మాత్రం పాలిస్టర్ గురించి ఒకటికి రెండుసార్లు ఆలోచించాలి. వైశాఖం, జ్యేష్ఠం ముహూర్తాలకైతే ఇంకా.

గుంపులో ఎవరికి ఎక్కువ చెమట పడుతుందో, ఎవరికి చర్మం త్వరగా దద్దురు లేస్తుందో, ఎవరు గర్భిణో కూడా రాసుకోండి. అందరికీ ఒకటే గుడ్డ తీస్తున్నారు కాబట్టి, అందరిలో ఎక్కువ ఇబ్బంది పడే అమ్మాయికి నప్పే గుడ్డే మిగతావాళ్లకీ తీయాలి.

రెండో అడుగు: దారం ఏమిటో తేల్చుకోండి

సాటిన్ అన్నది నేతకు పేరు. మామూలు నేతలో పడుగు (నిలువు) దారం ఒక పేక (అడ్డ దారం) మీదుగా వెళ్లి తర్వాతి పేక కిందకు దూరుతుంది. సాటిన్‌లో నాలుగు పేకల మీదుగా, ఇంకా నున్నటి రకంలో ఏడు పేకల మీదుగా తేలుతూ పోయి అప్పుడొకసారి కిందకు దూరుతుంది. ఆ తేలే దారాలే మెరుపు, ఆ తేలే దారాలే బలహీనత కూడా. గాజులకు తగులుకునేవీ, బిగుతైన కుట్టు దగ్గర పక్కకు జరిగేవీ అవే. ఈ నేతను ఏ దారంతోనైనా నేయొచ్చు. కాబట్టి షాపులో 'సాటిన్ చూపించండి' అని ఊరుకోకుండా 'దారం ఏమిటండీ' అని అడగండి.

65 శాతం తేమ ఉన్న గాలిలో పాలిస్టర్ తన బరువులో దాదాపు 0.4 శాతం తేమనే పట్టుకుంటుంది. కాటన్ 8 శాతం వరకు, పట్టు 11 శాతం, విస్కోస్, మోడల్ (modal) దారాలు 11 నుంచి 13 శాతం. ఉక్కలో ఎవరు హాయిగా ఉంటారో ఎవరు గుడ్డ పీక్కుంటూ తిరుగుతారో ఈ తేడాలోనే ఉంది.

జగదాంబ, డాబాగార్డెన్స్, గాజువాక షాపుల్లో మీకు ఎదురయ్యే రకాలు ఇవీ:

జపాన్ సాటిన్, ఆర్మానీ సాటిన్ అన్న పేర్లు దేశం పేరో డిజైనర్ పేరో చూసి నమ్మేవి కావు, బజారులో వాడుకైన పేర్లు. సాధారణంగా రెండూ పాలిస్టరే. జపాన్ సాటిన్ కాస్త మందంగా, నున్నగా ఉంటుంది. ఆర్మానీ మెత్తగా జారుతుంది, మెరుపు తక్కువ. ముడత పడవు, ఉతికితే పాడవవు, రంగులు బోలెడు. ఊపిరాడదు, అంతే. 'సాటిన్ సిల్క్' అన్న మాటలో సిల్క్ చాలాసార్లు మెరుపుకి పెట్టిన పేరే, పట్టుకి కాదు.

మోడల్ సాటిన్ చెట్టు గుజ్జునుంచి తీసిన దారంతో నేసింది. మెత్తగా, బరువుగా వేలాడుతుంది, చెమట పీలుస్తుంది. ముడత పడుతుంది, తడిస్తే కుంచించుకుపోతుంది కూడా. విశాఖ పెళ్లిళ్లకు, డబ్బుకు తగ్గ హాయి లెక్కన, ముందు చూడాల్సింది ఇదే.

విస్కోస్ సాటిన్ కూడా దగ్గర చుట్టమే, ధర తక్కువ. కానీ తడిస్తే దాని బలం సగానికి దగ్గరగా పడిపోతుంది. తడి చంక దగ్గర బిగుతుగా ఉంటే చిరిగేది అందుకే.

పట్టు సాటిన్ బరువును మొమ్మీల్లో చెబుతారు. ఒక మొమ్మీ అంటే చదరపు మీటరుకు 4.34 గ్రాములు. గౌనుకు 19 నుంచి 22 మొమ్మీలు, అంటే సుమారు 82 నుంచి 95 గ్రాములు ఉండాలి. ఒంటికి దీన్ని మించింది లేదు. అయితే నీటిచుక్క పడినా మచ్చ కడుతుంది, ధర చూస్తే ఆరుగురికి తీయడం చాలామందికి కుదరని పని.

మష్రూ గురించి ఎక్కువమంది ఆలోచించరు. గుజరాత్‌లో పాటన్, మాండ్వీ వైపు నేసే సంప్రదాయ గుడ్డ ఇది. పడుగు పట్టు, పేక కాటన్, నేత సాటిన్. పైకి మెరుపు కనిపిస్తుంది, ఒంటికి కాటన్ తగులుతుంది. ఇప్పుడు పట్టుకు బదులు రేయాన్ పడుగుతో వచ్చేవి ఎక్కువ, అవీ బాగానే ఉంటాయి. గౌనులా జారదు కానీ లెహంగాకి, పొడవు జాకెట్టుకి, స్కర్టుకి బ్రహ్మాండంగా నప్పుతుంది.

ఎసిటేట్ సాటిన్ చూడ్డానికి పట్టులా ఉంటుంది. గోళ్ల రంగు తుడిచే ఎసిటోన్ పడితే కరిగిపోతుంది. అమ్మాయిలందరూ ఒకే గదిలో కూర్చుని గోళ్లకు రంగు వేసుకునే రోజుకి ఇది తీయకపోవడమే మంచిది.

మూడో అడుగు: ముక్క తెచ్చి పరీక్షించండి

ఏ గుడ్డ నచ్చినా వెంటనే తాను కోయించొద్దు. పావు మీటరు కొనండి. అదే రోజు తేల్చుకోవచ్చు.

మొదట గుడ్డ వెనక వైపును మోచేతి మడత లోపల పెట్టి చెయ్యి ముడవండి. ఏసీ లోంచి బయటికొచ్చి, షాపు మెట్ల మీద, ఐదు నిమిషాలు అలాగే ఉండండి. చెయ్యి చాపినప్పుడు గుడ్డ చర్మాన్ని వదలకుండా అంటుకుని, కింద తడి మెరుస్తుంటే అది మే నెలకు పనికిరాదు. గుడ్డ కాస్త చెమ్మగిల్లి ఒళ్లు పొడిగా ఉంటే పనికొస్తుంది. చేతివేళ్లతో పట్టి చూసే పరీక్షకన్నా దీన్ని నమ్మండి.

తర్వాత ఇంట్లో ఒక నీటిచుక్క వెనక వైపు వేయండి. ముత్యంలా నిలబడిందా, పీల్చుకుందా చూడండి. కొత్త గుడ్డకు గంజి, పూతలు ఉంటాయి కాబట్టి ఒకసారి ఉతికి ఆరాక ఇంకో చుక్క వేస్తే అసలు గుణం తెలుస్తుంది. ఆరాక మచ్చ మిగిలిందా అన్నది కూడా చూసుకోండి.

దారం మీద అనుమానం ఉంటే కోసిన అంచు నుంచి పడుగు దారాలు కొన్ని, పేక దారాలు కొన్ని విడివిడిగా లాగండి. పట్టకారుతో పట్టుకుని, సింకు మీద, పక్కన నీళ్లు పెట్టుకుని కాల్చండి. రెండు దారాలనీ కాల్చమనడానికి కారణం ఉంది, పడుగు ఒకటీ పేక ఇంకొకటీ పెట్టి నేసే గుడ్డలు చాలా ఉన్నాయి. పాలిస్టర్ కరిగి గట్టి నల్లపూసలా గడ్డకడుతుంది. విస్కోస్, మోడల్, కాటన్ కాగితం కాలినట్టు కాలి మెత్తటి బూడిదవుతాయి. పట్టు వెంట్రుక కాలిన వాసనతో నెమ్మదిగా కాలి, నలిపితే పొడి అయిపోతుంది.

ఇక చాలామంది వదిలేసే పరీక్ష కుట్టుది. నాలుగంగుళాల ముక్కలు రెండు, అర అంగుళం మార్జిన్‌తో కలిపి కుట్టించండి. కుట్టుకు రెండు పక్కలా గట్టిగా పట్టుకుని లాగండి. దారం తెగకుండానే కుట్టు పక్కన గుడ్డ నిచ్చెన మెట్లలా విచ్చుకుంటే, కూర్చున్నప్పుడు పిరుదుల దగ్గర, చేతులెత్తినప్పుడు వీపు మీద జరగబోయేది అదే. అలాంటి గుడ్డతో ఒంటికి అంటుకునే డిజైను పెట్టుకోకండి. ఎంత చిన్న కుట్టు వేసినా ఆగదు, ఎందుకంటే జరుగుతున్నది నేతలోని దారం.

నాలుగో అడుగు: బరువు చూసుకోండి

బరువును చదరపు మీటరుకు గ్రాముల్లో, అంటే జీఎస్ఎంలో చెబుతారు. షాపులో చెప్పలేకపోతే సరిగ్గా 10 సెంటీమీటర్ల చదరం కోసి, తెలిసిన బంగారం కొట్లో తూకం వేయించండి. వచ్చిన గ్రాముల్ని వందతో హెచ్చిస్తే అదే జీఎస్ఎం. 1.25 గ్రాములు తూగితే 125.

80 నుంచి 100 మధ్య గుడ్డ స్లిప్ గౌన్లకు, చీరలకు, చున్నీలకు బాగుంటుంది. లోదుస్తుల గీతలన్నీ పైకి కనిపిస్తాయి. ఋషికొండ, భీమిలి గాలికి కాళ్లకు చుట్టుకుని అడుగు వేయనీయదు. 110 నుంచి 140 మధ్యది ఏ-లైన్ గౌనుకు, అంబ్రెల్లా స్కర్టుకు సరైన బరువు. గాలికి నిలుస్తుంది, ఒంటికి బరువనిపించదు. 160 దాటిన డచెస్ లాంటి మందపు సాటిన్ బిగుతు జాకెట్టుకు ఆకారం ఇస్తుంది కానీ, ఆరుబయట పగటి పెళ్లికి అది వేసుకుని నిలబడటం శిక్షే.

ఐదో అడుగు: లైనింగ్

పై గుడ్డకు వేలు పోసి లోపల చవక పాలిస్టర్ లైనింగ్ వేయించడం ఈ పనిలో అందరూ చేసే తప్పు. ఒంటికి తగిలేది లైనింగ్. పట్టు సాటిన్ తీసినా, లోపల పాలిస్టర్ ఉంటే ఒళ్లు పాలిస్టర్‌లోనే ఉన్నట్టు. తిప్పి చూస్తే ఇదే మీకు ఉపాయం: బడ్జెట్ తక్కువై పాలిస్టర్ సాటినే తీయాల్సి వస్తే, లైనింగ్ మంచిది వేయించి సగం బాధ తప్పించొచ్చు.

పైభాగానికీ కింది భాగానికీ ఒకే లైనింగ్ వేయొద్దు. నడుం పైన పల్చటి కాటన్ మల్ గానీ, జాకెట్లకు వాడే టూ బై టూ రూబియా గానీ వేయించండి. దీన్ని విడిగా వేలాడేలా కాకుండా, ప్రతి ముక్కనూ సాటిన్ ముక్కతో కలిపి ఒకే పొరగా కుట్టమని చెప్పండి. దీనివల్ల రెండు లాభాలు. చెమట కాటన్ పీల్చుకుంటుంది, కుట్టు మీద పడే లాగుడు కాటన్ మోస్తుంది కాబట్టి సాటిన్ దారాలు జరగవు.

నడుం కింద కాటన్ వేస్తే సాటిన్‌ని పట్టుకుంటుంది, నడిచేకొద్దీ లోపల లంగా పైకి ఎగబాకుతుంది. అక్కడ నున్నటి విస్కోస్ లైనింగ్ కావాలి. షాంటూన్ పేరుతో దొరికేదాంట్లో విస్కోస్ పాలు ఎంతుందో అడగండి, లేదా కాల్చి చూసుకోండి. దీన్ని విడిగా వేలాడనిచ్చి, పై గుడ్డకన్నా అంగుళం పొట్టిగా మడిచి కుట్టించాలి.

కాటన్ లైనింగ్‌ని కత్తిరించే ముందు ఒక రాత్రి నీళ్లలో నానబెట్టి, ఆరబెట్టి, ఇస్త్రీ చేయాలి. ఇది మానేస్తే మొదటి ఉతుకులోనే లోపలిది ముడుచుకుపోయి, బయటి సాటిన్ బుడగలా ఉబ్బుతుంది. మోడల్, విస్కోస్ సాటిన్లనీ ఇలాగే ఒకసారి తడిపి ఆరబెట్టాకే కత్తిరించాలి. పట్టుని తడపకండి.

గౌను ఉబ్బుగా నిలవడానికి లోపల పాలిస్టర్ నెట్‌తో కాన్‌కాన్ (గట్టి నెట్ పొర) పెట్టించుకుంటే, నెట్ అంచు ఒంటికి తగలకుండా కాటన్ పట్టీ వేయించడం మరవొద్దు. చిన్నపిల్లల గౌన్లలో ఏడుపులు ఎక్కువగా అక్కడే మొదలవుతాయి.

ఆరో అడుగు: రంగు, కొలత, కొనుగోలు

చెమట మరక నడిమి రంగుల మీదే ఎక్కువ కనిపిస్తుంది: బూడిద, వెండి, లేత నీలం, ఉల్లిపొర రంగు. ముదురు వంకాయ రంగు, సీసా ఆకుపచ్చ, నేవీ నీలం దాచేస్తాయి. లేత రంగే కావాలంటే దంతపు తెలుపు మేలు, లేదా చేతుల్లేని డిజైను మేలు. ఫ్లాష్ పడ్డప్పుడు సాటిన్ పొట్ట దగ్గరి ప్రతి మడతనూ వెలిగించి చూపిస్తుంది. అది ఇష్టంలేని అమ్మాయి ఉంటే వెనక వైపు మెరవని క్రేప్‌లా ఉండే సాటిన్ తీసి, ఆమె గౌను పైభాగానికి మెరవని వైపును బయటికి పెట్టి కుట్టించండి. రంగు అదే, మెరుపు ఉండదు.

మొత్తం ఒకేసారి, ఒకే తాను నుంచి, ఒకే రంగు లాటులో కోయించండి. వారం తర్వాత ఇంకో మూడు మీటర్లకు వెళితే 'అదే రంగండీ' అని ఇస్తారు, ఫొటోలో ఒకమ్మాయి మాత్రం వేరుగా కనిపిస్తుంది. ఆషాఢం తగ్గింపుల్లో కొని కార్తీకం పెళ్లికి సిద్ధం కావడం మంచి ఆలోచనే, కానీ తగ్గింపు ధరకు పెట్టేవాటిలో మిగిలిపోయిన ముక్కలు ఎక్కువ. అందరికీ సరిపోయేంత పొడవు ఒకే తానులో ఉందో లేదో మీటరు కర్రతో కొలిపించి, అప్పుడే బేరం మాట్లాడండి.

పాదాల వరకు ఏ-లైన్ గౌనుకు 58 అంగుళాల పన్నా (గుడ్డ వెడల్పు) అయితే 3 నుంచి 3.5 మీటర్లు, 44 అంగుళాల పన్నా అయితే 4.5 నుంచి 5 మీటర్లు పడుతుంది. పైభాగం కాటన్ లైనింగ్ 1 మీటరు, కింద లైనింగ్ 2.5 మీటర్లు. సాటిన్‌ని తలకిందులుగా పెడితే మెరుపు మారుతుంది కాబట్టి ముక్కలన్నీ ఒకే దిక్కుగా కత్తిరించాలి. ముక్కలు ఎదురెదురుగా సర్ది గుడ్డ మిగిల్చే అలవాటు ఇక్కడ కుదరదు. పై లెక్కలో అది కలిసే ఉంది. ఐదుగురికి 58 పన్నాలో 17.5 మీటర్లు, పైన అదనంగా 2 మీటర్లు ఉంచుకోండి. ఎవరి గౌనుకైనా ముక్క మార్చాల్సి వస్తే ఆ 2 మీటర్లే దిక్కు.

ఏడో అడుగు: టైలరుకి ఏం చెప్పాలి

ముహూర్తాల సీజన్లో టైలర్లు చేతినిండా పనితో ఉంటారు. గుడ్డ పెళ్లికి కనీసం రెండు నెలల ముందు ఇవ్వండి, మొదటి ట్రయల్ మూడు వారాల ముందు పెట్టించండి. మూడు మాటలు మాత్రం గట్టిగా చెప్పాలి.

ఒకటి, కొత్త సూది. 9 లేదా 11 నంబరు సూది, సన్నటి దారం. మొద్దుబారిన సూది సాటిన్‌లో దారాన్ని లాగి అడ్డంగా గీత పెడుతుంది, అది ఇస్త్రీకి పోదు. గుండుసూదులు మార్జిన్‌లోనే గుచ్చాలి, మైనపు చాక్ వాడకూడదు, వేడి తగిలితే జిడ్డు మరకవుతుంది.

రెండు, వదులు. స్ట్రెచ్ లేని సాటిన్‌కు ఛాతీ దగ్గర 2 అంగుళాలు, పిరుదుల దగ్గర 3 అంగుళాలు ఒంటి కొలతకన్నా ఎక్కువ ఉండాలి. పక్క కుట్ల లోపల అంగుళం మార్జిన్ వదలాలి. చంక బిగుతుగా ఉందని టైలరు ఆ గుంటను కిందకు దింపేస్తానంటే ఒప్పుకోకండి. అలా దింపితే చెయ్యి ఎత్తినప్పుడల్లా గౌను మొత్తం పైకి లేస్తుంది. చేతి వెడల్పు పెంచమనండి.

మూడు, ఏటవాలుగా కత్తిరించిన స్కర్టుని కింద మడత వేయకుండా ఒక రోజంతా వేలాడదీయాలి. గుడ్డ సాగాల్సినంత సాగాక అప్పుడు అంచు సరిచేసి మడవాలి. ఇది మానేస్తే పెళ్లి నాటికి పక్కలు కిందకు జారి అంచు అలలు తిరుగుతుంది.

చంకల దగ్గర రెండు పొరల కాటన్‌తో, కోడిగుడ్డు ఆకారంలో, 4 అంగుళాల వెడల్పు 5 అంగుళాల పొడవున్న ప్యాడ్లు ప్రెస్ బటన్లతో పెట్టించండి. ఒక్కొక్కరికీ రెండు జతలు. పొద్దుటి జత తీసేసి సాయంత్రం ఆరినది పెట్టుకోవచ్చు.

ట్రయల్లో అద్దం ముందు నిలబడితే సరిపోదు. కుర్చీలో కూర్చుని లేవాలి, రెండు చేతులూ పైకెత్తాలి, మెట్లెక్కాలి, పది నిమిషాలు ఫ్యాన్ ఆపేసి ఉండాలి. గాజువాక నుంచి ఋషికొండకి కారులో వెళ్లేవాళ్లు ఎంతసేపు కూర్చుంటారో అంతసేపు కూర్చోబెట్టి, లేచాక వెనక ముడతలు చూడండి. మోడల్ సాటిన్‌కు ముడత పడితే కారులో స్కర్టు వెనక భాగాన్ని పక్కకు జరిపి, లైనింగ్ మీద కూర్చోవడం అలవాటు చేయించండి.

పెళ్లిరోజు, ఆ తర్వాత

ఇస్త్రీ వెనక వైపునే, పల్చటి కాటన్ గుడ్డ అడ్డం పెట్టి, తక్కువ వేడిలో చేయాలి. ఆవిరి ఇస్త్రీపెట్టె నీళ్లు చిమ్ముతుంటే పట్టు దగ్గరికి రానీయొద్దు. రాళ్ల గాజులు, వడ్డాణం, గొలుసు కొక్కేలు గౌను వేసుకున్నాక పెట్టుకోవాలి. దారం లేచి ఉచ్చులా బయటికొస్తే కత్తిరించకండి, ఆ చోట చిల్లు పడుతుంది. సన్నటి సూదితో ఆ దారాన్ని వెనక వైపుకి లాగి, చుట్టూ గుడ్డను ఏటవాలుగా మెల్లగా సాగదీస్తే సర్దుకుంటుంది.

పులుసు, నూనె మరక పడితే నీళ్లతో రుద్దొద్దు. అద్ది, టాల్కం పౌడరు చల్లి, అరగంట తర్వాత దులపండి. అక్షింతల పసుపు తడి గౌను మీద పడితే పట్టు, మోడల్, కాటన్‌లకు గట్టిగా పట్టుకుంటుంది. పాలిస్టర్ మీద అంత పట్టదు. పొడిగా ఉండగానే దులిపేస్తే మరక ఉండదు. పట్టుకుపోతే సబ్బుతో మొదలుపెట్టకండి, పసుపు సబ్బుకు ఎర్రబడుతుంది. చల్లటి నీళ్లతో కడిగి (పట్టయితే డ్రైక్లీనింగ్‌కే), మరక ఉన్న చోటు మాత్రం ఎండ తగిలేలా కాసేపు ఆరేస్తే పసుపు వెలుస్తుంది. ముదురు రంగు గుడ్డను ఎక్కువసేపు ఎండలో ఉంచితే రంగూ వెలుస్తుంది కాబట్టి కనిపెట్టుకుని ఉండాలి.

చెమట పట్టిన గౌనుని ఆ రాత్రే కవర్లో మడిచి పెట్టొద్దు. ఫ్యాన్ కింద రాత్రంతా వేలాడదీసి, ఉతికించాక, డ్రైక్లీనింగ్ వాళ్ల ప్లాస్టిక్ కవరు తీసేసి పాత కాటన్ చీరలో చుట్టి బీరువాలో పెట్టండి. ఈ ఊరి తేమకు ప్లాస్టిక్‌లో ఉన్న పట్టు, విస్కోస్ గుడ్డల మీద వానాకాలంలో బూజు చుక్కలు లేస్తాయి, అవి పోవు.